రాసినవారికి వర్తించదు

ఫ్లాండర్స్ ఎవరి దేశమో ఫ్లాండర్స్ వాళ్ళే ఎప్పటికప్పుడు కనుక్కోవలసి వచ్చిన రోజులవి. పొద్దున చక్రవర్తిగారి రాజ్యంలో గడ్డి మేసిన ఆవు సాయంత్రానికి రిపబ్లిక్‌లో పాలిచ్చేది. ఆవుకు ఇందులో అభ్యంతరమేమీ ఉండేది కాదు. ప్రమాణాలు చేయవలసింది మనుషులే కదా.

హోల్బెకె అనే ఊళ్ళో ఆ పని అందరికంటే బాగా చేసినవాడు వకీలు లీవెన్‌గారు. మన తాలూకా కేంద్రమంత ఊరది. నడిబొడ్డున గంట స్తంభం, దాని పక్కన నగర సభ, చుట్టూ అవిసె చేలు, ఊరి చివర శ్మశానం. ప్రభుత్వం మారినప్పుడల్లా గంట మోగేది. ఉద్యోగులందరూ నగర సభ మెట్లెక్కి, కుడి చెయ్యి ఎత్తి, రెండు వేళ్ళు చాచి, కొత్తవారికి ప్రాణమున్నంతవరకూ విధేయులమై ఉంటామని చెప్పి దిగేవారు. ఎవరి ప్రాణం అన్నది పత్రంలో ఉండేది కాదు. లీవెన్ తన నల్లకోటుకు కుడి చంక కింద రెండంగుళాలు వదులుగా కుట్టించుకున్నాడు. మిగతా ఉద్యోగుల కోట్లు అక్కడే చిరిగేవి.

అతని వైభవమంతా ఒక పేరాతో మొదలైంది. అప్పుడతనికి ఇరవై తొమ్మిదేళ్ళు. నగర సభకు న్యాయ సలహాదారు. పెళ్ళై మూడేళ్ళు. ఒకనాడు తిరుగుబాటుదారులు చక్రవర్తిగారి సిపాయిలను తరిమేసి నగర సభలో కూర్చున్నారు. వాళ్ళ నాయకుడు బీరు కాచే ఆసామి. ఇంకా చేతుల్లో పులిసిన వాసన పోలేదు.

"వకీలుగారూ, ఏదైనా గంభీరంగా రాసిపెట్టండి," అన్నాడతను. "మధ్యాహ్నం జనానికి చదవాలి. పాతదేదీ మిగలకూడదు."

లీవెన్ ఇంటికెళ్ళి భోజనాల బల్ల మీదే రాశాడు. "మునుపటి ప్రభుత్వాలు చేసిన చట్టములు, నియామకములు, ధ్రువీకరించిన సమస్త పత్రములు ఆది నుంచీ లేనట్టే భావించవలెను." రాసి భార్యకు వినిపించాడు.

గోదెలీవ పిండి చేతులతోనే కాగితం మీదికి వంగి చూసింది. "బాగుంది. మిమ్మల్ని ఉద్యోగంలో వేసింది ఎవరు?"

"చక్రవర్తిగారు."

"అయితే మధ్యాహ్నం నుంచి మీరు ఇంట్లోనే ఉంటారా? నాకేం అభ్యంతరం లేదు గానీ, పొద్దస్తమానం ఎదురుగా ఉంటే మీరే విసుక్కుంటారు. ఎంత పెద్ద గోడ కట్టినా మనకో చిన్న తలుపు వదలండి."

అతను కింద ఒక లైను చేర్చాడు. "అయితే ఇది రాసినవారికి వర్తించదు."

గోదెలీవ తన టోపీకున్న పసుపు రిబ్బను కత్తిరించి, తిరుగుబాటుదారుల రంగు వేసి, పువ్వులా మడిచి అతని కోటుకు గుచ్చింది. అతను మెట్లెక్కి ప్రమాణం చేశాడు. ఆ పేరా తమ పెళ్ళిని కూడా రద్దు చేసిందన్న సంగతి ఇద్దరికీ తోచలేదు. ఆ రాత్రి ఎప్పటిలాగే భోంచేసి, ఎప్పటిలాగే పడుకున్నారు.

తిరుగుబాటు పదకొండు నెలలు బతికింది. చక్రవర్తిగారు తిరిగొచ్చి తిరుగుబాటుదారుల ప్రకటన తెప్పించి చదివారు. అందులో తప్పు పట్టాల్సింది పేరొక్కటే కనిపించింది. ఊరి అచ్చుపనివాడు పొదుపరి. ఒకసారి కూర్చిన అక్షరాల దిమ్మను విప్పకుండా, తాడు కట్టి అటక మీద దాచేవాడు. దాన్ని దించి, ప్రభుత్వం పేరు మార్చి, అచ్చేసి ఇచ్చాడు. కింది లైను అలాగే ఉండిపోయింది. ఇది రాసినవారికి వర్తించదు. అందరి ఉద్యోగాలూ పోయాయి. లీవెన్‌కు మాత్రం పైపదవి దక్కింది.

ఆ తర్వాత దక్షిణాది రిపబ్లిక్ వచ్చింది. అది వచ్చిన వారం లీవెన్ జీవితంలో పాడు వారం. సోమవారం గోదెలీవ జ్వరంతో పోయింది. బుధవారం పూడ్చిపెట్టారు. గురువారం ఫిరంగులు వినిపించాయి, గంట మోగింది. పనిమనిషి బార్బరా, అయ్యగారి చేతికి విషాదపు గుర్తుగా కట్టాలని, ఆ రిబ్బనుకే నల్లరంగు వేయబోతోంది.

"కొత్తవాళ్ళకు నీలం కావాలట," అన్నాడు లీవెన్, కిటికీలోంచి వీధిలోకి చూస్తూ.

బార్బరా నల్లరంగు పారబోసి నీలం కలిపింది. అలా అతను నీలం పువ్వు పెట్టుకుని మెట్లెక్కాడు. పరామర్శకు రావలసినవాళ్ళందరూ ప్రమాణానికి వెళ్ళారు. ప్రమాణం చేసి వచ్చినవాళ్ళు, పువ్వు పెట్టుకున్న మనిషిని ఏమని పరామర్శించాలో తెలియక పక్క సందులోంచి వెళ్ళిపోయారు. శ్మశానం కాపరి యాన్ ఒక్కడే, ఆదివారం లీవెన్ వచ్చే వేళకు ఆ సమాధి చుట్టూ ఊడ్చి, తడి నేల మీద గోనె పరిచి ఉంచాడు. రాయి మీద ఒక్క మాటే చెక్కించారు: గోదెలీవ, లీవెన్ భార్య.

రిపబ్లిక్ ఒకరోజు నిద్రలేచి తాను సామ్రాజ్యమని తెలుసుకుంది. అందుకొక ప్రమాణం. తర్వాత ఉత్తరాది రాజుగారు వచ్చారు. అందుకొకటి. దిమ్మ దిగింది, పేరు మారింది, దిమ్మ ఎక్కింది. లీవెన్ న్యాయ సలహాదారు నుంచి జిల్లా సభకు, అక్కణ్ణుంచి రాజుగారి ఆలోచనా మండలికి చేరాడు. నీలం మీద ఉత్తరాది నారింజ రంగు పడి రిబ్బను కుళ్ళిన చింతపండులా తేలింది.

"ఇంకొక్క రాజు వస్తే ఇది నావల్ల కాదు అయ్యగారూ," అంది బార్బరా. "వచ్చేవాణ్ణి తెల్లరంగు పెట్టుకోవద్దని మాత్రం చెప్పండి."

ఉత్తరాది రాజుగారికి జనాభా లెక్కలంటే ప్రాణం. ఊరూరా రిజిస్ట్రారును వేశారు. హోల్బెకెకు వచ్చినవాడు బాల్దువైన్. ముప్పయ్యేళ్ళవాడు, మునుపు నకళ్ళు రాసే గుమాస్తా. చెవి వెనక కలం తీయకుండానే ముఖం కడుక్కునేవాడు. అతను ప్రకటనలో మొదటి నిబంధనగా ఉన్న లీవెన్ పేరాను మూడుసార్లు చదివి, ఊళ్ళో ఎవరికీ తోచనిది కనిపెట్టాడు. మునుపటి ప్రభుత్వాలు ధ్రువీకరించిన పత్రాలేవీ చెల్లవు. మరణ ధ్రువపత్రాలు కూడా పత్రాలే. అంటే ఊళ్ళో ఇంతవరకూ ఎవరూ చావలేదు.

"మరి పుట్టుకలు?" అని అడిగాడు నగర సభాధ్యక్షుడు, తన గురించే కంగారుపడుతూ.

"జననం ప్రకృతి కార్యం. తమరు ఎదురుగా కూర్చున్నారు కనుక జన్మించినట్టే పరిగణించబడతారు. మరణం విషయంలో అటువంటి రుజువు లేదు. సదరు వ్యక్తి ఎదురుగా లేకపోవుట గైర్హాజరే తప్ప మరణం కాజాలదు."

శ్మశానంలో రాళ్ళు లెక్కపెడితే వెయ్యిన్ని నాలుగు వందల ముప్పై రెండు. నడిచే జనం మూడువేల తొంభై. రెండూ కలిపితే నాలుగువేల అయిదువందల ఇరవై రెండు. నాలుగున్నర వేలు దాటిన ఊరికి రెండో తరగతి నగరం హోదా ఉంది. నగర సభాధ్యక్షుడికి మెళ్ళో గొలుసు, రిజిస్ట్రారుకు డైరెక్టరు బిరుదు, ఇద్దరికీ గుర్రబ్బండ్లు. ఇక చచ్చినవాళ్ళను చచ్చారనడానికి ఎవరికి నోరొస్తుంది? పైన మిగిలింది ఇరవై రెండు మందే కనుక, ఆ ఏడాది ఎవరూ తొందరపడి మరణించవద్దని నగర సభ గుమ్మానికి నోటీసు కూడా అంటించారు. దేశంలోకెల్లా ఆరోగ్యకరమైన ఊరని రాజధాని నుంచి ప్రశంసా పత్రం వచ్చింది.

లీవెన్ ఇదంతా విని నవ్వుకున్నాడు. ఆదివారం మడత పీట పట్టుకుని శ్మశానానికి వెళ్ళి గోదెలీవకు చెప్పాడు కూడా. రాయి మీద పాకుతున్న నత్తను తీసి గడ్డిలో వదిలి, "నువ్వు రెండో తరగతి నగర పౌరురాలివి ఇప్పుడు," అన్నాడు.

తర్వాత రాజుగారు తన రాజ్యాంగం మీద ఓటు పెట్టారు. ఓటు వేయడానికి వచ్చినవాళ్ళలో సగానికి పైగా వద్దన్నారు. రాజధానిలో పెద్దలు కూర్చుని ఆలోచించారు. రానివాళ్ళు వద్దనలేదు కదా. మౌనం అర్ధాంగీకారమని లోకం అంటుంది గానీ ప్రభుత్వానికి అర్ధాలు పనికిరావు, పూర్తి అంగీకారంగానే తీసుకోవాలని తీర్మానించారు. దానికి చట్టరూపం ఇచ్చినవాడు లీవెనే. "అడిగినప్పుడు అభ్యంతరం తెలుపనివారు సమ్మతించినట్టే." హోల్బెకె నుంచి వెయ్యిన్ని నాలుగు వందల ముప్పై రెండు సమ్మతులు చేరాయి. ఇంత రాజభక్తి ఇంకే ఊళ్ళోనూ లేదని రాజుగారు ఒక జెండా పంపారు.

జెండా వచ్చాక దాన్ని ఎగరేసి కవాతు చేయడానికి మైదానం కావలసివచ్చింది. బాల్దువైన్ ఇంకో పత్రం తయారుచేశాడు. "మరణములు లేని నగరమునకు శ్మశానము అనవసరము. సదరు స్థలమును కవాతు మైదానముగా చదును చేయవలెను. రాళ్ళను, వాటిపై పేరు గల వ్యక్తులకు సంతకము తీసుకొని అప్పగించవలెను. ముప్పై దినములలో రాని వారి రాళ్ళు రిజిస్ట్రారు కచేరీ వాకిట పరచబడును. భార్య పక్షాన భర్త హాజరు కావచ్చును."

లీవెన్ నవ్వు ఆ రోజు ఆగిపోయింది. యాభై ఆరేళ్ళ మనిషి, ఆలోచనా మండలి సభ్యుడు, మామూలు అర్జీదారులా బాల్దువైన్ ముందు బల్ల మీద కూర్చున్నాడు.

"నా భార్య రాయి నాకు కావాలి. ఉన్నచోటే కావాలి."

"తప్పకుండా. వివాహ ధ్రువపత్రం దయచేయించండి."

లీవెన్ చర్చివారిచ్చిన కాగితం ఇచ్చాడు. బాల్దువైన్ దాన్ని చేత్తో తాకకుండా కలం చివరతో తిప్పి చూశాడు.

"ఇది మొదటి చక్రవర్తిగారి హయాంలోది. మొదటి నిబంధన ప్రకారం ఆది నుంచీ లేనట్టే. నిబంధన తమరి చేతివ్రాతే కదా, చాలా చక్కని రచన. రికార్డు ప్రకారం సదరు గోదెలీవగారు అవివాహిత. రాయి మీద 'లీవెన్ భార్య' అన్నది తప్పుడు వాంగ్మూలం కిందికి వస్తుంది. తమరి హోదాను బట్టి చర్య తీసుకోవడం లేదు."

"పోనీ, ఆవిడ చనిపోయినట్టన్నా రాసుకో. సమాధి ఉంచుతావు."

"ఆమె స్వయంగా హాజరై తాను మరణించినట్టు వాంగ్మూలం ఇచ్చిన తక్షణం నమోదు చేస్తాను."

"ఆవిడ రాలేదు, బాల్దువైన్."

"అస్వస్థతా?"

"జ్వరం. ఇరవై రెండేళ్ళ కిందట."

"అయితే కోలుకునే ఉండాలి," అన్నాడు బాల్దువైన్ మర్యాదగా. "మరణ ధ్రువపత్రం లేదు కదా."

అతనికి వెటకారం తెలియదు. అదే కష్టం. వెటకారమైతే జవాబు చెప్పవచ్చు.

ఇరవై తొమ్మిది రోజులు లీవెన్ చట్టాలన్నీ తిరగేశాడు. ప్రతి పుటలోనూ తన వాక్యాలే ఎదురయ్యాయి. అన్నీ గట్టిగా, సందు లేకుండా కట్టినవే. మంచి పనివాడు తన గోడ తనే దూకలేడు. బార్బరా సూపు తెచ్చి పెట్టి, చల్లారాక తీసుకెళ్ళేది.

"మీరడగాల్సింది అడగడంలేదు అయ్యగారూ," అంది ఒక మధ్యాహ్నం. "పెళ్ళి కాలేదంటున్నాడు కదా వాడు. అయితే చేసుకోండి."

"ఎవర్ని?"

"అమ్మగార్నే. బతికే ఉన్నారంటున్నాడు. పెళ్ళి కాలేదంటున్నాడు. మీకూ కాలేదు. అడ్డమేమిటి?"

"వధువు ఒప్పుకుంటున్నానని చెప్పాలి, బార్బరా. ఆవిడ..." అని లీవెన్ మధ్యలో ఆగిపోయాడు. లేచి, ఓటు చట్టం ప్రతి తీసి, తాను రాసిన వాక్యం తనే పైకి చదువుకున్నాడు. అప్పుడు, చాలా రోజుల తర్వాత మొదటిసారిగా, సూపు వేడి చేసి తెమ్మన్నాడు.

ముప్పయ్యో రోజున శ్మశానంలో పెళ్ళి జరిగింది. వధువు కచేరీకి రాలేని స్థితిలో ఉంటే రిజిస్ట్రారే ఆమె నివాసానికి రావాలని నియమం. బాల్దువైన్ పుస్తకం, సిరా బుడ్డి, నడుముకు నారింజ పటకాతో వచ్చాడు. అర్జీలో ఒక్క తప్పూ దొరకలేదు. అందుకు అతనికి కొంత సంతోషం కూడా కలిగింది. సాక్షులు బార్బరా, యాన్. యాన్ కోళ్ళు నాలుగు పిలవకుండానే వచ్చాయి.

"వధువు గోదెలీవగారూ," అని బాల్దువైన్ రాయికేసి గొంతు సవరించుకుని చదివాడు, "ఇక్కడ హాజరైన లీవెన్‌గారిని భర్తగా స్వీకరించుట తమకు సమ్మతమేనా? అభ్యంతరము గలచో ఇప్పుడే తెలుపవలెను."

అందరూ ఎదురుచూశారు. అవిసె చేల మీదుగా గాలి వచ్చింది. ఒక కోడి రాయి మొదట్లో గీరి, ఏమీ దొరక్క అవతలికి పోయింది. బాల్దువైన్ గడియారం చూసుకుని, నియమం ప్రకారం మూడుసార్లు అడిగాడు.

"అభ్యంతరము రాలేదు. సమ్మతిగా నమోదు చేయడమైనది."

"మొదటిసారి కూడా అమ్మగారు ఇంతసేపూ ఊరుకున్నారట," అని బార్బరా యాన్ చెవిలో అంది. "కావాలనే. అయ్యగారు చెమటలు పట్టి చచ్చారట. ఆవిడే చెప్పి నవ్వేవారు."

"వరుడు లీవెన్‌గారూ, తమకు సమ్మతమేనా?"

ఆరు ప్రభుత్వాలకు తడబడకుండా ప్రమాణం చేసిన మనిషి నోరు తెరిచాడు. మాట రాలేదు. టోపీ చేతిలో తిప్పుతూ రాయికేసి చూస్తూ నిలబడ్డాడు. బాల్దువైన్ కాసేపు ఆగి, కలం సిరాలో ముంచాడు.

"మౌనము. సమ్మతి."

లీవెన్ భర్త హోదాలో, తన భార్య నివాసాన్ని కదల్చడానికి ఒప్పుకోనని అక్కడికక్కడే రాసిచ్చాడు. ఒక్క నివాసి కాదన్నా మైదానం చదును చేయకూడదని ఇంకో నియమం. జెండాను నగర సభ మేడ మీదే ఎగరేసుకున్నారు.

పధ్నాలుగేళ్ళు గడిచాయి. ఒక ఎండాకాలం చివర జనం ఉత్తరాది రాజుగారిని తరిమేసి, ఇక ఎవరి ఇంట్లోనూ అద్దెకుండేది లేదని సొంత దేశం పెట్టుకున్నారు. దాని తాత్కాలిక పెద్దలు ఇద్దరు డెబ్బయ్యేళ్ళ లీవెన్ ఇంటికి వచ్చారు.

"న్యాయశాఖ మంత్రిగా మీరుండాలి," అన్నాడు పెద్దాయన. "దేశంలో ఇన్ని ప్రభుత్వాలను చూసినవారు లేరు."

"మాది పూర్తిగా కొత్త దేశం," అన్నాడు చిన్నాయన. "కనుక పాతవన్నీ రద్దు చేయాలి. మీ దగ్గర ఏదో మంచి పేరా ఉందట కదా."

సాయంత్రం లీవెన్ అచ్చుపనివాడి కొట్టుకు వెళ్ళాడు. పాత అచ్చుపనివాడి కొడుకు అటక మీంచి దిమ్మ దించి, దుమ్ము ఊది, బల్ల మీద పెట్టాడు. లీవెన్ అద్దం పట్టుకుని తిరగేసి ఉన్న అక్షరాలను నెమ్మదిగా చదివాడు. పాతవన్నీ ఆది నుంచీ లేనట్టే. కిందటి రాజుగారి రిజిస్ట్రారు శ్మశానంలో రాసిన పెళ్ళి కాగితంతో సహా.

"ఇంకో మినహాయింపు చేర్చాలి నాయనా."

"చోటు లేదండి. కింద ఒకటే లైను పడుతుంది. రెండోది పెడితే చట్రం బిగియదు."

లీవెన్ స్టూలు లాక్కుని కూర్చున్నాడు. ఆ లైనులో నలభై ఒక్కేళ్ళ అతని బతుకుంది. రేపటి మంత్రి పదవి కూడా ఉంది. గోదెలీవ పిండి చేతులతో వంగి చూసి, చిన్న తలుపు వదలమన్న చోటు అది. తనొక్కడే దాంట్లోంచి ఇన్నాళ్ళూ రాకపోకలు సాగించాడు.

"'రాసినవారికి' అన్న మాట పీకెయ్," అన్నాడు. "'పోయినవారికి' అని పెట్టు. సరిపోతుందా?"

అచ్చుపనివాడు అక్షరాలు లెక్కపెట్టాడు. "ఇంచుమించు అంతే. సరిపోతుందండి."

ప్రకటన వెలువడింది. అయితే ఇది పోయినవారికి వర్తించదు. పోయినవారి పుట్టుకలు, పెళ్ళిళ్ళు, చావులు ఎక్కడివక్కడ నిలిచాయి. లీవెన్ మాత్రం ఆది నుంచీ ఏ పదవిలోనూ లేడు. గంట మోగినప్పుడు మెట్ల మీద అతని పేరు పిలవలేదు. మంత్రిగా ఎంపిక చేసిన పెద్దలు, ఈయనెవరో తమకు తెలియదని రికార్డు చూసి చెప్పారు. నలభై ఒక్కేళ్ళ కాగితాలలో అతనికి చెల్లుబాటయ్యేది పెళ్ళి పత్రం ఒక్కటే మిగిలింది.

బాల్దువైన్ ఏ ప్రభుత్వపు చట్టమైనా నెరవేర్చే మనిషి. డైరెక్టరు బిరుదు, గుర్రబ్బండి పోతాయని తెలిసీ, కొత్త పుస్తకం తెరిచి మంగళవారం ఒక్కరోజే వెయ్యిన్ని నాలుగు వందల ముప్పై రెండు మరణాలు నమోదు చేశాడు. చేతికి కట్టు కట్టుకోవలసి వచ్చింది. దేశంలోకెల్లా ఆరోగ్యకరమైన ఊళ్ళో ఒక్కరోజులో మూడోవంతు జనం పోయారని తెలిసి రాజధాని గడగడలాడింది. మహమ్మారి విచారణ సంఘం ముక్కులకు వెనిగర్‌లో తడిపిన గుడ్డలు కట్టుకుని దిగింది.

అందులో ఒక కుర్ర వైద్యుడు జాబితా పట్టుకుని ఇల్లిల్లూ తిరుగుతూ లీవెన్ తలుపు తట్టాడు.

"ఈ ఇంట్లో గోదెలీవగారని..."

"నా భార్య," అన్నాడు లీవెన్.

"మంగళవారం పోయారని రాసి ఉంది. బాధపడ్డారా?"

"మూడు రోజులు జ్వరం. చివరి రోజు బాధ లేదు. కిటికీ తెరవమంది."

వైద్యుడు జాబితాలో ఏదో రాయబోయి మానేశాడు. ముక్కుకున్న గుడ్డ విప్పి, టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు. "చాలా విచారంగా ఉంది అయ్యా. ఇంతమందిలో ఒకరని అనుకోకండి. మీకు ఆవిడ ఒక్కరే కదా."

ముప్పై ఆరేళ్ళలో ఆ గుమ్మంలో నిలబడి ఆ మాట అన్న మనిషి అతనొక్కడే. లీవెన్ తలుపు పట్టుకుని నిలబడ్డాడు. లోపలికి రమ్మనడం కాసేపు మరిచిపోయాడు. తర్వాత రమ్మని, కుర్చీ వేసి, ఆమె ఎలా ఉండేదో చెప్పడం మొదలుపెట్టాడు. వైద్యుడికి ఇంకా తొమ్మిది వందల ఇళ్ళు తిరగాల్సి ఉంది. అయినా కూర్చున్నాడు.

అతను వెళ్ళాక బార్బరా లోపలి నుంచి వచ్చింది. చేతిలో రిబ్బను ఉంది.

"రంగు వేయమంటారేమోనని తీశాను," అంది. "చూస్తే అక్కర్లేదు. ఇందరు దొరల రంగులూ పడీ పడీ అదే నల్లబడింది."

లీవెన్ కుడి చెయ్యి చాచాడు. బార్బరా దాన్ని భుజం కింద చుట్టి, ముడి వేసింది.